ఉరికి ముందు మీసం

జనార్ధన్‌ను ఉరి తీసింది తొంభై ఎనిమిదిలో, శామీర్‌పేట దగ్గర మూతపడ్డ ఒక కోళ్ల ఫారంలో. ఉరికి ముందు మీసం తీశారు. ఉరి సంగతి మేడ్చల్ ఎప్పుడో మరిచిపోయింది. మీసం సంగతి మాత్రం చాలాకాలం చెప్పుకుంది.

కంగారు పడనక్కర్లేదు, అది సినిమా ఉరి. మీసం మాత్రం నిజంది. గొడవంతా అక్కడే వచ్చింది.

జనార్ధన్ మేడ్చల్‌లో తరతరాలుగా సేద్యం చేసిన ఇంటివాడు. తండ్రి ఉన్నంతకాలం ఆ ఇంట్లో భూమిని ఎకరాల్లో చెప్పుకునేవాళ్లు. తండ్రి పోయాక గజాల్లో చెప్పుకోవడం మొదలైంది. నిజామాబాద్ రోడ్డు పొడుగునా కాలనీలు లేస్తున్న రోజులవి. నాగలి పట్టిన చేతులు సున్నపు గీతల మధ్య నిలబడి "ఇది మీ బెడ్రూం, ఇది మీ దేవుడి గది" అని ఉత్త గాలిని చూపిస్తున్న రోజులు. జనార్ధన్ కూడా అదే పనిలో పడ్డాడు. తెల్ల చొక్కా, తెల్ల ప్యాంటు, చంకలో తోలు సంచి, ఏం అడిగినా "చేద్దాం తియ్" అనే జవాబు. ఇవన్నీ ఆ దారిలో అందరికీ ఉన్నవే. అతనికి అదనంగా ఉన్నది మీసం. దట్టంగా లేచి, కొసలు పైకి తిరిగి, మనిషికంటే ముందు గదిలోకి వచ్చే మీసం. అల్వాల్ నుంచి ప్లాటు చూడ్డానికి వచ్చే ఉద్యోగస్తులు కాగితాల కంటే ముందు ఆ మీసాన్నే చూసేవాళ్లు. చూసి, ఈయన మోసం చేయడనో, చేసినా మనం అడగలేమనో ఏదో ఒకటి తేల్చుకునేవాళ్లు.

ఇంత మీసం ఉన్న మనిషికి ఒకటే బలహీనత, సినిమా. ఆ రోజుల్లో హైదరాబాద్ సినిమావాళ్లకు పల్లెటూరు కావలసి వచ్చి, దూరం పోయే ఓపిక లేకపోతే శామీర్‌పేటకు వచ్చేవాళ్లు. చెరువు వైపు కెమెరా తిప్పితే గోదావరి జిల్లా, బండరాళ్ల వైపు తిప్పితే రాయలసీమ. శామీర్‌పేట ఎన్ని సినిమాల్లో నటించినా, ఒక్కదాంట్లోనూ శామీర్‌పేటగా నటించలేదు. ఆ సినిమాలకు ఎడ్లు, బండ్లు, గడ్డివాములు సమకూర్చేది జనార్ధనే. అందుకు ప్రతిఫలంగా అతను అడిగింది గుంపులో కాస్త చోటు. పంచాయతీ సీన్లలో తల ఊపాడు. జాతర సీన్లలో తోసుకున్నాడు. ఊరు తగలబడే సీనులో బిందె పట్టుకుని, నీళ్లున్న వైపు కాకుండా కెమెరా ఉన్న వైపు పరుగెత్తి తిట్లు తిన్నాడు.

సినిమా వచ్చిన ప్రతిసారీ తల్లి శివమ్మను మేడ్చల్ టాకీసుకు తీసుకుపోయేవాడు.

"గదో అమ్మా, గా బండెనుక తువ్వాల సుట్టుకున్నోడు నేనే!"

"యాడరా?"

"అయిపోయింది ఇగ."

శివమ్మ ఇంటర్వెల్‌లో పల్లీలు తింటూ తీర్పు చెప్పేది. "నువ్వైతే కనవడలే బిడ్డా. మన ఎర్రెద్దు మాత్రం మస్తు జేసింది."

మొదట్లో నవ్వుకున్నాడు. కానీ ప్రతి సినిమాకూ ఎద్దుకే పేరొస్తుంటే ఏ కొడుకుకైనా కష్టంగానే ఉంటుంది. ఒకసారి ఆమే అడిగేసింది. "నాకు సూపు ఆనుతున్నప్పుడే నీ మొఖం ఒక్కపారి నిండుగ సూపియ్యరాదురా? ఎన్నిసార్లొచ్చినా ఎద్దును సూసి పోవుడే అయితాంది." ఆ రోజు నుంచి జనార్ధన్‌కు అదొక్కటే పట్టుకుంది. డబ్బు వద్దు, పేరు వద్దు. తెర నిండా తన ముఖం కనపడాలి, అది కనపడేటప్పుడు తల్లి పక్క కుర్చీలో ఉండాలి.

అవకాశం కోళ్ల ఫారంలో దొరికింది. డైరెక్టర్ బుల్లిబాబు కాకినాడ మనిషి, అదే అతని మొదటి సినిమా. నోరు తెరిస్తే సహజత్వం అనేవాడు. తెర మీద అంతా సహజంగా కనపడాలంటే తెర వెనక ఎవరో ఒకరు నానా అవస్థ పడాలని ఆ మాటకు అర్థం. కథలో హీరోగారి తాత బ్రిటిష్ పటాలంలో సిపాయి. రైతుల మీద కాల్పులు జరపనన్నందుకు ఉరిశిక్ష పడుతుంది. జైల్లో అతని చివరి రోజు తీయడానికి యూనిట్ వచ్చింది. ఇనుప జాలీలు ఉన్నాయి కనక కోళ్ల షెడ్డు జైలైంది. వాసన కూడా జైలుకు తగ్గట్టే ఉంది. లేనిదల్లా సిపాయే. ఆ వేషం వేయవలసిన నాటకాల ఆయన టీవీ సీరియల్ దొరికిందని పొద్దున్నే కబురు పంపాడు. సీరియల్లో ఆయన పాత్ర ఇప్పట్లో చావదట.

అప్పుడే జనార్ధన్ బండి మీంచి గడ్డి దింపిస్తున్నాడు. బుల్లిబాబు చూపు పడింది.

"ఏవండీ, ఒక్కసారి ఇలా తిరగండి. ఆఁ. మీరేమైనా మిలట్రీలో చేశారాండి?"

"లేదు సార్. ప్లాట్లు జేస్తున్న."

"పర్లేదండి. నిలబడ్డం అదే నిలబడ్డం."

ఖాకీ నిక్కరు, చిరిగిన చొక్కా తొడిగారు. కాళ్లకు నిజమైన ఇనుప సంకెళ్లు వేసి తాళం బిగించారు. మాటల రచయిత జానకిరామయ్య వచ్చి ఒక కాగితం చేతికిచ్చాడు. ఈయన బ్యాంకులో రిటైరై, అల్వాల్ అవతల కొత్త కాలనీలో ఇల్లు కట్టుకున్నాడు. దేశభక్తిని ఇల్లు కట్టినంత శ్రద్ధగా రాస్తాడు. కాగితం ముందూ వెనకా నిండి ఉంది.

"సిపాయి చివరి మాటలయ్యా. గుండెల్లోంచి రావాలి."

జనార్ధన్ పైకి చదవబోయాడు. "మాతృభూమి దాస్య... దాస్య శృ... సారూ, గిదేంది?"

"శృంఖలం. సంకెల."

"సంకెల అంటె గాదా?"

"కాదు."

ఇంకాస్త ముందుకు పోయి మళ్లీ ఆగాడు. "సారూ, ఏమనుకోకుండ్రి. రేపు పొద్దున సచ్చేటోడు గింత మాట్లాడ్తడా?"

"చచ్చేవాడే మాట్లాడాలయ్యా. బతికున్నవాడు ఇంత మాట్లాడితే ఎవరు కూర్చుని వింటారు?"

ముందు చివరి భోజనం సీను. జైలువాడు అన్నం కంచం పెడతాడు, సిపాయి కోపంగా దాన్ని కాలితో తన్నాలి.

"అన్నం తన్నుడా? నాతోటి గాదు సార్."

"సిపాయికి కోపం వచ్చిందండి!"

"కోపం తెల్లోడి మీద గద సార్. అన్నమేం జేసింది?"

బుల్లిబాబు ఆలోచించి, పోనీ చేత్తో పక్కకు నెట్టమన్నాడు. కెమెరా తిరిగింది. పొద్దుటి నుంచి ఏమీ తినని జనార్ధన్ కంచం నెట్టబోయి, చెయ్యి అన్నంలో పడగానే కలుపుకుని ఒక ముద్ద తిన్నాడు. మళ్లీ తీశారు. మళ్లీ తిన్నాడు. ఆ తర్వాతి టేకుకు పప్పు బాగుందని మెచ్చుకున్నాడు కూడా. యూనిట్‌కు వండిన కూర అయిపోతోందని వంటమనిషి గోల పెట్టేసరికి బుల్లిబాబుకు జ్ఞానోదయమైంది. "సరే, తింటున్నట్టే ఉంచేద్దాం. రేపు పోయేవాడు ఇలా ఆవురావురుమని తింటుంటే చూసేవాడికి కడుపు తరుక్కుపోద్దండి." సహజత్వంలో ఉన్న సుఖమేమిటంటే, ఏం జరిగినా దానికిందకే వస్తుంది.

తర్వాత గండయ్య వచ్చాడు. మేడ్చల్ బస్ డిపో ఎదురుగా అతనికి సెలూన్ ఉంది. జనార్ధన్ మీసం కత్తిరించి కొసలు తిప్పి నిలబెట్టేది అతనే. అంటే ఆ మీసం ఎంత జనార్ధన్‌దో అంత గండయ్యది. మేకప్ సామాను పక్కన తన పెట్టె తెరిచి, కత్తి నూరుతూ అడిగాడు. "ఎవలికి గొరగాలె?"

"సిపాయికండి," అన్నాడు బుల్లిబాబు. "ఉరికి ముందు జైల్లో గుండు గీసి మీసం తీసేస్తారు. నిజంగా తీస్తాం. ఒకే టేకు. మళ్లీ తీద్దామంటే ఇంకో మీసం ఉండదు కదండి."

కత్తి ఆగింది. జనార్ధన్ చెయ్యి పైపెదవి మీదకు పోయింది. "మీసమా? సార్, మా అమ్మ ఉన్నది."

"ఉంటే ఉండనీండి. ఆవిణ్ణేమన్నాను నేను?"

బుల్లిబాబు కాకినాడవాడు, అతనికి తెలియదు. ఇక్కడ మగవాడి మీసానికి రెండే సెలవులు. తండ్రి పోతే ఒకటి, తల్లి పోతే ఒకటి. తిరుపతిలో గుండు కొట్టించుకున్నా మీసం జోలికి కత్తిని రానివ్వరు. నున్నటి పైపెదవితో మగవాడు రోడ్డు మీదకు వస్తే ఎందుకు తీశావని ఎవరూ అడగరు, ఎప్పుడు జరిగిందని అడుగుతారు. కోస్తా ఉద్యోగస్తులు రోజూ నున్నగా గీసుకుని ఆఫీసులకు పోతుంటే, మొదట్లో మేడ్చల్ ఆడవాళ్లు పాపం ఇంతమంది తల్లిదండ్రులు లేనివాళ్లు ఒకే కాలనీలో చేరారేమిటని జాలిపడ్డారు.

గండయ్య పెట్టె మూసేశాడు. "నేను పెట్టను సార్ కత్తి. గుండంటే గీస్త. ఇంట్ల శివమ్మవ్వ ఉండంగ మీసం తీస్తే, రేపు ఆమెకు జెరంత దగ్గొచ్చినా ఊరంత నా సెలూన్ మీదికే వస్తరు."

బేరాలు నడిచాయి. మీసం మీద మైనం పూసి రంగేశారు. పెదవి మీద తేనెతుట్టె పెట్టుకున్నట్టు కనిపించాడు. చేత్తో మూసుకుని కూర్చోమన్నారు. ఉరికంటే పంటినొప్పి ఎక్కువగా ఉన్నవాడిలా కనిపించాడు. చివరికి బుల్లిబాబు విసిగిపోయాడు. "మీ ఇష్టమండి. మీసం ఉంచుకుంటే మొహం చూపించను, వీపు వైపు నుంచే తీస్తాను. తీయించుకుంటే దగ్గర్నుంచి తీస్తాను. చాలా దగ్గర్నుంచి."

జనార్ధన్ ఇరకాటంలో పడ్డాడు. తల్లికి ముఖం చూపించాలంటే మీసం తీయాలి. మీసం తీయాలంటే తల్లి ఉండకూడదు. ఎటు తిప్పి చూసినా కుదరని లెక్క. ఇంత మీసం పెట్టుకుని మేకపిల్లలా దిక్కులు చూశాడు.

"ఒక్క గంట ఇయ్యుండ్రి సార్. అమ్మనే అడిగొస్త."

"నేనూ వస్త," అన్నాడు గండయ్య. "ఆమె నోటితోని ఇంటె తప్ప కత్తి పట్ట."

సంకెళ్లు విప్పుదామంటే, తాళంచెవి ఉరితాడు కొనడానికి అల్వాల్ పోయినవాడి జేబులో ఉంది. కాళ్లు ఎడం చేయడానికి వీల్లేక జనార్ధన్ గండయ్య లూనా మీద ఆడవాళ్లలా పక్కకు కూర్చున్నాడు. ఉరిశిక్ష పడ్డ సిపాయి అలా గలగలమంటూ మేడ్చల్ బజారులో ఊరేగాడు. డిపో దగ్గర హోటల్లో టీ తాగుతున్న గాలయ్య గ్లాసు చేత్తో పట్టుకునే రోడ్డు మీదకు వచ్చాడు. గాలయ్య పని కౌలు వ్యవసాయం, వ్యాపకం వార్తలు.

"పటేలా! ఏందిది? పోలీసోళ్లకు జీపు దొర్కలేదా, గండయ్య లూనా మీద తోలిచ్చిన్రు?"

"సిన్మారా!"

"అందరు గట్లనే అంటరు తియ్ పటేలా," అన్నాడు గాలయ్య ఓదార్పుగా.

ఇంటి ముందు భార్య బాలమణి బియ్యం చెరుగుతోంది. సంకెళ్ల చప్పుడుకు తలెత్తింది. చేట అలాగే ఆగిపోయింది.

"అయ్యో, ఏ ప్లాటయ్యా? ఎవలది ఎవలకు అమ్మినవ్?"

"ప్లాటు గాదే..."

"గా గుట్ట పక్కది కిరికిరి ఉన్నదని మొన్ననే మొత్తుకున్న. ఇంటివా?"

"సిన్మా! సిన్మాల నాకు ఉరి పడ్డది!"

"ఉరా? రిజిస్ట్రేషన్ రద్దు జేసుకుంటె ఇడువరా?"

అరుగు మీద చింతపండులో గింజలు తీస్తున్న శివమ్మ కొడుకును కింది నుంచి పైదాకా చూసింది. జనార్ధన్ ఎదురుగా వచ్చి నిలబడ్డాడు. బతికున్న తల్లిని, నీ చావుకు తీసే మీసం ముందే తీయనా అని ఏ కొడుకు అడగగలడు? గండయ్యే అందుకున్నాడు.

"శివమ్మవ్వా, సిన్మాల పటేలు మీసం తియ్యాల్నంటున్నరు. నువ్వేమో ఉన్నవాయె."

"ఉన్న. అయితే?"

"ఉండంగ ఎట్ల తీస్తం?"

"అయితే మీసం కోసం నన్ను పొమ్మంటవారా?"

"అయ్యో, గట్లెందుకంట అవ్వా!" గండయ్య చెంపలేసుకున్నాడు.

శివమ్మ చింతగింజ ఒకటి విసిరికొట్టింది. "మీ నాయిన సచ్చిననాడు తీసిన్రు నీ మీసం. నెలకే మల్లొచ్చింది. మీ నాయినైతే రాలే. దానికీ దీనికీ ఏం పొత్తురా? నా పానం నీ పెదివి మీద ఉన్నదా? పెట్టుకుంటె పెట్టుకున్న గని, గంత కమ్జోరు జాగల ఎవలన్న పెడ్తరా?"

బాలమణి చేట పక్కన పెట్టింది. "అత్తమ్మా, మంది ఏమంటరు?"

"మంది సంగతి అటెంక. ఒరే, నీ మొఖం కనవడ్తదా?"

"నిండుగ అమ్మా. మస్తు దగ్గెర్కెల్లి తీస్తరంట."

"ఎద్దుంటదా?"

"ఎద్దు లేదు."

"అయితే తీసెయ్," అంది శివమ్మ. కొంగు దులుపుకుని లేచింది. "నేనొస్త. గొరిగినంత సేపు ఆడనే కూసుంట. నేనున్నట్టు పది మంది సూసినోళ్లుండాలె. లేకుంటే రేపు నేను సచ్చిననుకొని నా ఇంటికే బియ్యం మోసుకొస్తరు."

ఆటో కట్టించుకుని శామీర్‌పేట వచ్చింది. కెమెరా పక్కన డైరెక్టర్ కుర్చీలో కూర్చుంది. బుల్లిబాబు నిలబడ్డాడు. గుండు గీయడం అయ్యాక కత్తి పైపెదవి దాకా వచ్చింది. గండయ్య ముసలామె వైపు చూశాడు.

"జల్ది కానియ్ గండయ్యా. ఆటోవోడు ఆగడు."

కత్తి కదిలింది. మీసంలో సగం రాలి ఒళ్లో పడింది. జనార్ధన్ కళ్ల వెంట బొటబొటా నీళ్లు కారాయి. అతను నటించలేదు. ఇన్నేళ్ల మీసం, అంతే. బుల్లిబాబు పరవశించిపోయి కెమెరాను ఇంకా ముందుకు, ఇంకా ముందుకు జరపమని సైగలు చేశాడు. జానకిరామయ్య కళ్లద్దాలు తుడుచుకుని, తన సంభాషణలు అతని లోపలికి పోయాయన్నాడు.

"ఎందుకేడుస్తవురా?" అంది శివమ్మ షాట్ అయ్యాక. "నేనింక సావనే లేదు."

ఇక మిగిలింది చివరి మాటలు, ఉరి. మాటల దగ్గర బండి మళ్లీ ఆగింది. శృంఖలం నోరు తిరగలేదు. మీసం పోయాక పైపెదవికి గాలి కొత్తగా తగులుతూ, వచ్చిన మాటలు కూడా రావడం మానేశాయి. కాగితంలో ఒక్క అక్షరం తగ్గించనని జానకిరామయ్య భీష్మించాడు. అప్పుడు ఉపాయం కూడా ఆయనే చెప్పాడు. ఉరి తీసేముందు ముఖానికి నల్ల ముసుగు వేస్తారు గదా, ఆ ముసుగేదో ముందే వేసేస్తే, మాటలు తర్వాత ఇంకెవరితోనైనా చెప్పించి అతికించుకోవచ్చు.

"మరి నా మొఖం?" అన్నాడు జనార్ధన్.

"మీసం షాటులో తీశాంగా అండి. ఎంత దగ్గర్నుంచి తీశామో చూశారుగా."

చూశాడు. అందుకే ముసుగుకు ఒప్పుకున్నాడు. ముసుగులోంచి నోటికొచ్చిన సర్వే నెంబర్లన్నీ వరసగా వల్లించమన్నారు, పెదవులు ఆడుతున్నట్టు గుడ్డ కదలాలని. సిపాయి చివరి మాటలుగా జనార్ధన్ మేడ్చల్ మండలంలోని సగం లే అవుట్లు చదివేశాడు. తర్వాత తాడు, కింద పెట్టె, పెట్టె లాగడం, కాళ్లు వేలాడటం. కట్. చప్పట్లు.

బుల్లిబాబు ప్యాకప్ చెప్పాడు. ఎవరూ కదల్లేదు. లైట్లు చూసే గౌరయ్య నడుం మీద చేతులు పెట్టుకుని నిలబడ్డాడు. సినిమావాళ్లకు ఒక పద్ధతి ఉంది. చచ్చినట్టు నటించినవాణ్ణి అలాగే ఇంటికి పంపరు. కెమెరా ముందు ఒకసారి నవ్వించి, అది కూడా తీసి పంపుతారు.

"ఫిలిం దండగ గౌరయ్యా. ఈ మూఢనమ్మకాలన్నీ నేను నమ్మను."

"మీరు నమ్మకుండ్రి సార్. ఆయన నవ్వినంకనే లైటు బందు జేస్త."

"మంచిగ జెప్పిండు," అంది శివమ్మ కుర్చీలోంచి. పొద్దున మీసాన్ని కొట్టిపారేసిన మనిషే. "సావగొట్టినోళ్లు నవ్వియ్యకుంటనే పంపుతరా?"

ముసుగు తీశారు. గుండుతో, మీసం లేని ముఖంతో, మెడలో ఉరితాడుతో జనార్ధన్ కెమెరా వైపు చూశాడు. నవ్వబోయాడు. రాలేదు. మీసం ఉన్నప్పుడు నవ్వు సగం అదే చూసుకునేది. ఇప్పుడు పెదవులు సాగుతున్నాయి గానీ నవ్వు కావడం లేదు. కెమెరా తిరుగుతోంది, బుల్లిబాబు తల పట్టుకున్నాడు.

శివమ్మ ముందుకు వంగింది. "ఒరే జనార్ధనా, ఒక పని తీరిపోయింది. రేపు నేను పోయినా మల్ల గొరిగిచ్చుకునుడు లేదు. నా సావుకు అడ్వాన్సు గట్టేసినవ్ గద. రిజిస్ట్రేషన్ నిమ్మలంగ జేసుకుందం."

జనార్ధన్ పగలబడి నవ్వాడు. గుండు వెనక్కి విరిచి, కళ్లు మూతలు పడి, ఉరితాడు ఊగిపోయేటట్టు నవ్వాడు. గౌరయ్య లైటు ఆర్పాడు.

తిరుగు ప్రయాణంలో ఒక పొరపాటు జరిగింది. జనార్ధన్ గండయ్య లూనా మీద ముందు వచ్చేశాడు. శివమ్మ ఆటో మేడ్చల్ బస్టాండ్ దగ్గర మిర్చిబజ్జీల కోసం ఆగింది. డిపో ముందు గాలయ్య గుండును చూశాడు, పెదవిని చూశాడు. ఈసారి ప్రశ్నలేమీ వేయలేదు, పరుగెత్తాడు. జనార్ధన్ ఇల్లు చేరి కాళ్లు కడుక్కునే లోపే వాకిలి నిండిపోయింది. అతను సినిమా అని ఎంత మొత్తుకున్నా, పాపం దుఃఖంలో మతి చెదిరిందని మనుషులు మరింత గట్టిగా పట్టుకున్నారు. ముసలామె ఏదని అడిగితే, శామీర్‌పేటలో ఉందని బాలమణి చెప్పింది. ఏ దవాఖానలోనని అడిగారు. ఇద్దరు ఆడవాళ్లు ఏడుపు అందుకున్నారు.

శివమ్మ బజ్జీల పొట్లంతో ఆటో దిగింది. వాకిట్లో మంది వెనక నిలబడింది. ముందు గాలయ్య వీపు కనిపించింది.

"ఎవలు పోయిన్రురా?"

గాలయ్య వెనక్కి తిరగలేదు. "జనార్ధన్ పటేలు తల్లి."

"అయ్యో. మంచిదేనా?"

"మనిషి బంగారం. నోరే జెర ఆగమాగం."

"గట్లనా? ఏమంటుండె?"

ఏమనేదో చెబుదామని గాలయ్య తిరిగాడు. ఆ తర్వాత వారం దాకా అతను ఆ వీధిలో కనపడలేదు. ఏడుస్తున్న ఆడవాళ్లకు శివమ్మ తలా ఒక బజ్జీ పెట్టి పంపింది.

ఏడాది తిరిగింది. సినిమా మేడ్చల్ టాకీసుకు వచ్చింది. అప్పటికి జనార్ధన్ మీసం ఎప్పటి కొసలతో ఎప్పటిలాగే తిరిగి లేచింది, శివమ్మ అరుగు మీద ఎప్పటిలాగే చింతగింజలు తీస్తోంది. ఇద్దరికీ ఏమీ కాలేదు. జనార్ధన్ తల్లిని, భార్యను తీసుకుని అందరికంటే ముందు పోయి కూర్చున్నాడు.

సిపాయి వచ్చాడు. భోజనం సీను లేదు, తీసేశారు. మీసం సీను ఉంది. చాలా దగ్గర్నుంచే ఉంది, బుల్లిబాబు అబద్ధమాడలేదు. తెర నిండా మీసం, కత్తి. కత్తి కదిలింది, మీసం రాలింది, కెమెరా మీసంతో పాటు కిందకు పోయి నేల మీద కాసేపు దాన్నే చూసింది. ముఖం ఎక్కడా లేదు. ఆ తర్వాత ముసుగు. ముసుగులోంచి ఎవరిదో కంచుకంఠం శృంఖలాల గురించి చాలాసేపు మాట్లాడింది. తాడు బిగిసింది. పెట్టె పోయింది.

జనార్ధన్ తల్లి వైపు చూడలేదు. కుర్చీలో కిందకు జారాడు. ఎద్దయి ఉంటే ముఖమైనా కనపడేది.

తెర మీద ఒక గుడిసె ముందు సిపాయి తల్లికి కబురు అందింది. ముసలామె ఏడవలేదు, ఎటో చూసింది. ఆమెకు కొడుకు గుర్తుకొస్తున్నట్టు సన్నాయి మొదలైంది. అప్పుడు, ఒక్కసారిగా, తెర ఈ కొస నుంచి ఆ కొస దాకా జనార్ధన్ ముఖం. గుండు, నున్నటి పెదవి, మూతలు పడ్డ కళ్లు, పడీ పడీ నవ్వుతున్న ముఖం. దండగ అనుకున్న ఫిలిం ముక్కను బుల్లిబాబు పారేయలేదు. నవ్వు అలాగే, చప్పుడు లేకుండా, సన్నాయి ఉన్నంతసేపూ తెర మీద నిలిచింది.

హాలంతా నిశ్శబ్దమైపోయింది. వెనక వరసలో ఎవరో ముక్కు చీదారు. బాలమణి కొంగు కళ్లకద్దుకుంది. ఆ నిశ్శబ్దంలో ఒక్క మనిషి పకపకా నవ్వింది. అడ్వాన్సు మాట గుర్తొచ్చినట్టుంది. "ష్, పెద్దమనిషివి, సచ్చినోణ్ణి సూసి నవ్వుతవేంది!" అని ముందు సీటులోంచి ఎవరో కసురుకున్నారు.

"నా కొడుకు. నా ఇష్టం," అంది శివమ్మ.

తర్వాత చీకట్లోనే పక్కకు వంగి, జనార్ధన్ మోచెయ్యి పట్టుకుంది.

"ఎద్దుకంటె మంచిగ జేసినవ్ బిడ్డా."